నిజమేనా పిన్ని ఎత్తుకున్న బిడ్డ

కుషిహామలో అబద్ధాలకు ఏనాడూ కరువు లేదు. చేపలు పడని ఏడు కూడా అబద్ధాలు వలల నిండా పడతాయి. కిషూ తీరంలో ఏ రేవుకు వెళ్ళినా తమ ఊరి కోతలే పెద్దవని కోస్తారు గాని, అది మా కిహాచి తాత నోటి ముందు కూర్చోకముందు మాట. తిమింగలం వీపెక్కి హవాయి దాకా పోయానని, అక్కడి ఎండ పడక దాని మీదే తిరిగొచ్చి పొయ్యి మీద పులుసు మాడకముందే దింపానని ఆయన చెబుతుంటే, పక్కనున్నవాడు "ఏం పులుసు తాతా?" అంటాడు తప్ప తిమింగలం సంగతి ఎత్తడు. అది మర్యాద.

అలాంటి ఊళ్ళోకి, ఏ మాట విన్నా "నిజమేనా?" అనే మనిషి వచ్చి పడింది.

ఆవిడ పేరు వకుయ షిగెనో. అరవైకి దగ్గర పడ్డ మనిషి. జుట్టు చెవుల దాకా కత్తిరించి, ఎండాకాలం చలికాలం తేడా లేకుండా బూడిదరంగు స్వెట్టరే వేసుకునేది. ఒసాకాలో ఒక పుస్తకాల కంపెనీకి పని చేసింది. అచ్చుతప్పులు దిద్దే పని కాదు, అది చేసేవాళ్ళు వేరే ఉంటారు. పుస్తకంలో "ఈ కొండ మీద మే నెలలో మంచు ఉంటుంది" అని ఉంటే, నిజంగా ఉంటుందా ఉండదా అని కనుక్కోవడం ఈవిడ పని. కనుక్కుని, అచ్చుకు ముందు వచ్చే కాగితాల అంచున పెన్సిలుతో ఒక ప్రశ్న రాస్తుంది. అంతే. కొట్టేయడం, ఉంచడం రాసినవాళ్ళ ఇష్టం. బతుకంతా ఇతరుల మాటల పక్కన పెన్సిలుతో ప్రశ్నలు రాసిన మనిషి. ప్రశ్న తీరగానే దాన్ని రబ్బరుతో చెరిపేస్తారు. పుస్తకం అచ్చయ్యాక ఆవిడ అందులో ఎక్కడా ఉండదు.

మా ఊరికి కూడా ఒక వాక్యం కోసమే వచ్చింది. ఏదో ప్రయాణాల పుస్తకంలో "కుషిహామలో రైలు దిగితే సముద్రం కనబడకముందే వాసన వస్తుంది" అని ఉందట. నిజమో కాదో చూద్దామని దిగింది. వాసన వచ్చింది. అది సముద్రానిది కాదు, తోమె బామ్మ ఇంటి ముందు ఎండబెట్టిన చేపలది. ఆ సంగతే అంచున రాసి పంపించి, ఎందుకో తిరుగు రైలు ఎక్కలేదు. ఉద్యోగం మానేసి ఇక్కడే అద్దెకు దిగింది. పని మాత్రం కొరియరులో వస్తూనే ఉండేది.

నాలుగు సందుల కూడలిలో మూతబడిన మంగలి కొట్టు ఆవిడ ఇల్లు. ముందంతా అద్దాల తలుపులు. లోపల మంగలి కుర్చీ ఇంకా అలాగే ఉంది, దానికెదురుగా గోడంత నిలువుటద్దమూ ఉంది. ఆ కుర్చీలోనే కూర్చుని పని చేసేది, అందులోనే తినేది. భోంచేసేటప్పుడు తల ఎత్తితే ఎదురుగా ఇంకొకావిడ కూడా భోంచేస్తూ ఉండేది. మొదట్లో అద్దానికి గుడ్డ కప్పిందట. కొన్నాళ్ళకు తనే తీసేసింది. గుడ్డతో కలిసి భోంచేయడం కన్నా అది నయమనిపించి ఉంటుంది.

ఊరంతా ఆవిడను 'ఒసాకా ఆవిడ' అనేది. పిల్లలు మాత్రం 'నిజమేనా పిన్ని' అని పిలిచేవాళ్ళు. చేపల బేరానికి వెళ్ళి "పొద్దున పట్టినవి" అంటే, "ఏ పడవలోవి?" అని అడిగేది. పడవ దాకా వెళ్ళి కనుక్కుని వచ్చి, అప్పుడు కొనేది. అప్పటికి అవి పొద్దున పట్టినవి కాకుండా పోయేవి. కిహాచి తాతయితే, "ఆవిడ తన పుట్టినరోజు నిజమో కాదో కనుక్కోవడానికి మంత్రసానికి జాబు రాసిందిరా, జవాబు వచ్చేదాకా వయసు చెప్పదు" అని ప్రచారం చేశాడు. నవ్వుకునేవాళ్ళం. ఆవిడ కూడా మర్యాదకు నవ్వి, తలుపు జారవేసుకునేది. లోపల ఎవరితోనూ మాట్లాడే చప్పుడు ఉండేది కాదు. ఎప్పుడైనా ఫ్యాక్సు మెషిను కీచుమనేది. అదే చుట్టమొచ్చినట్టు.

ఏటా చలికాలానికి ముందు ఆవిడకు లావుపాటి పని ఒకటి వచ్చేది. పిల్లల పేర్ల పుస్తకం. ఫలానా పేరు ఎప్పటి నుంచి ఉంది, ఏ ప్రాంతంలో ఎవరికి పెడతారు, ఎందుకు పెడతారు అని వేల పేర్ల వెంట వేల సంగతులు. కురమోచి అనే జాతకాల పండితుడు రాస్తాడు, షిగెనో సరిచూస్తుంది. సముద్రం నిదానించిన రోజున పుట్టిన పిల్లకు పెట్టే పేరు అని ఉంటే, ఆ పేరుగల ముసలావిడను ఎక్కడో వెతికి పట్టుకుని, మీరు పుట్టిన రోజున సముద్రం ఎలా ఉంది అని ఫోనులో అడిగేది. "నేనెలా చూస్తానమ్మా, నేను పుడుతున్నాను గదా" అని ఆ ముసలావిడ అన్నదట. ఇలా ఇంటిపేరు లేని ఊళ్ళ నుంచి ఊరిపేరు లేని ఇళ్ళ దాకా ప్రతి పసిబిడ్డ పేరూ ఆవిడ పెన్సిలు కిందనుంచే పోయేది. తాను మాత్రం ఎవరికీ పేరు పెట్టింది లేదు. పెళ్ళి లేదు, పిల్లల్లేరు, తోబుట్టువుల పిల్లలు కూడా లేరు. ఇంటికి వచ్చే పిల్లిని పిల్లీ అనే పిలిచేది.

ఆ ఏడు పుస్తకంలో కొత్తగా ఒక పేజీ చేరింది. పారేసిన పిల్లల పేర్ల గురించి.

తండ్రికి నలభై రెండో ఏడు గండం. ఆ ఏడు పుట్టిన మగబిడ్డ తండ్రికీ అచ్చిరాడు, తానూ నిలవడు అంటారు. అందుకని గండాన్ని మోసం చేయాలి. తెల్లారకముందే తల్లి బిడ్డను చేటలో పడుకోబెట్టి కూడలిలో పారేసి, వెనక్కి చూడకుండా నడిచి పోతుంది. ఇంకొకరు వచ్చి ఎత్తుకుంటారు. ఇక ఆ బిడ్డ ఆ నలభై రెండేళ్ళవాడి బిడ్డ కాడు, దొరికిన బిడ్డ. గండం వచ్చి ఇల్లు వెతుక్కుని, ఎవరూ దొరకక తిరిగి పోతుంది. తరవాత కన్నవాళ్ళు వెళ్ళి, మాకు పెంచుకోవడానికి ఇమ్మని అడిగి తెచ్చుకుంటారు. ఆఫీసులో రాయించే పేరు వేరు. ఇంట్లో పిలిచే పేరు ఎత్తుకున్న తల్లి పెడుతుంది. అది ఆ ఒక్కరోజు ముచ్చట కాదు. కొత్త ఏడు మొదటి దండం ఆ తల్లికే పెట్టాలి. బడిలో చేరేనాడు ఆ తల్లి చెయ్యి పట్టుకుని వెళ్ళాలి. పెళ్ళిలో కన్నతల్లి పక్కన ఆ తల్లికి పీట వేయాలి. ఆవిడ పోయినప్పుడు వెంట నడవాల్సిన కొడుకు వాడే.

కురమోచి గారు ఆ పేజీలో ఇలా రాశారు: "కూడలిలో పారేసిన బిడ్డను దారిన పోయేవారిలో మొదట ఎవరి చెయ్యి తాకితే వారే ఎత్తుకున్న తల్లి లేదా తండ్రి అవుతారు."

షిగెనో పెన్సిలు అక్కడ ఆగింది. మా తీరంలో ఈ ఆచారం ఇంకా పోలేదని ఆవిడకు తెలుసు. అందుకని అడగడానికి బయలుదేరింది. గుళ్ళో పూజారిని అడిగింది. పని మానేసిన మంత్రసానిని అడిగింది. వలలు బాగుచేసే ముసలివాళ్ళను వరసగా అడిగింది. అందరిదీ ఒకటే మాట. ఎత్తుకునేవాళ్ళతో ముందే మాట్లాడుకోవాలి. పిల్లాపాపలు చల్లగా బతికిన చెయ్యి అయ్యుండాలి. ఎత్తుకునే ఆవిడ చీపురూ తన చేటా పట్టుకుని రావాలి, బిడ్డను చెత్తలా చీపురుతో చేటలోకి ఊడ్చుకోవాలి.

"ముందే మాట్లాడుకోకపోతే ఎలాగమ్మా," అంది మంత్రసాని. "కోడిని వదిలేసి దొంగ కోసం ఎదురు చూస్తారా ఎవరైనా?"

వేరే మాట చెప్పింది ఒక్క కిహాచి తాతే.

"నన్ను కూడా పారేశారు గదా. ఎత్తింది పోస్టుమాను," అన్నాడు రేవు మెట్ల మీద కూర్చుని.

"ముందే మాట్లాడుకున్నారా తాతా?"

"మాట్లాడుకున్నవాడు తాగి పడుకున్నాడు. పోస్టుమాను సైకిలు మీద వచ్చాడు, చూశాడు, ఉత్తరాల సంచిలో వేసుకున్నాడు. మొదటి చెయ్యి ఎవరిదైతే వాళ్ళదే బిడ్డ."

"పోయిన వారం సన్యాసి ఎత్తాడన్నారు."

"అది రెండోసారి పారేసినప్పుడు."

"అంతకుముందు ఎలుగుబంటి అన్నారు."

"ఎలుగుబంటి ఎత్తిందని నేననలేదమ్మా. వాసన చూసి వదిలేసిందన్నాను. మాటలు సరిగ్గా రాసుకోవాలి."

షిగెనో సరిగ్గానే రాసుకుంది. రాసుకుని, ఆ వాక్యం పక్కన అంచున ఇలా రాసింది: "ముందే మాట్లాడుకున్నవారు మాత్రమే అని ఇక్కడివారంతా చెబుతున్నారు. సరిచూడగలరా?" ఒసాకాకు ఫ్యాక్సు పంపింది.

సరిగ్గా ఆ రోజుల్లోనే ఎండుచేపల తోమె బామ్మ కోడలు చికగె మగబిడ్డను కన్నది. కొడుకు మొరియోకు నలభై రెండు. బామ్మ రెండో మాట లేకుండా, పారేయాల్సిందే అంది. మోచీలనే బియ్యపు ముద్దలు చేసి అమ్మే కొట్టు ఒమసాను ఎత్తుకోమని అడిగింది. ఒమసాకు అయిదుగురు పిల్లలు, అయిదుగురూ గుండ్రాళ్ళలా ఉంటారు. ఊళ్ళో సగంమంది బిడ్డల్ని ఊడ్చిన చీపురు ఆవిడది.

కూడలి అంటే షిగెనో ఇంటి ముందుదే. ముందురోజు సాయంత్రం బామ్మ వచ్చి తలుపు తట్టింది.

"రేపు తెల్లారగట్ల తెర దించుకోండి. ఎవరూ చూడకూడదు."

"నేను చూడాలి బామ్మగారూ. పుస్తకం కోసం. ఒక్క మూల నుంచి."

బామ్మ ఆవిడను ఎగాదిగా చూసింది. "సరే. కదలకూడదు, దగ్గకూడదు. మీరక్కడ లేనట్టే ఉండాలి."

లేనట్టు ఉండటం షిగెనోకు ఎవరూ నేర్పక్కర్లేదు.

తెల్లారేవేళకు అద్దాల తలుపు వెనక, మంగలి కుర్చీ పక్కన పెన్సిలు పట్టుకుని నిలబడింది. చికగె వచ్చింది. చేట నేల మీద పెట్టింది, బిడ్డ ముఖం మీద గుడ్డ సర్దింది, లేచి నడిచిపోయింది. మెడ ఎక్కడ తిరుగుతుందోనని రెండు చేతులతో చెంపలు పట్టుకుని నడిచింది. బామ్మ ఎదుటి సందులో గోడకు ముఖం పెట్టి నిలబడింది. ఇక ఒమసా రావాలి.

ఇక్కడ జరిగింది మా ఊళ్ళో తప్ప ఇంకెక్కడా జరగని పొరపాటు. ఎండుచేపలవాళ్ళ ఇంట్లో బియ్యం చెరిగే చేట చిరిగిపోయి ఉంది. చేట చేటే గదా అని బామ్మ చేపలు ఎండబెట్టే తడికచేట తెచ్చింది. కడిగింది కూడా. కాని ఎన్నేళ్ళ చేపలో పీల్చుకున్న వెదురు ఒక కడుగుకు వదులుతుందా? మనకు తెలియదు గాని రేవు గద్దలకు తెలుస్తుంది. మా గద్దలు మామూలువి కావు, తినేవాడి చేతిలో ముద్ద నోటి దాకా పోయేలోపు మాయం చేస్తాయి. ఒకటి దీపస్తంభం మీద నుంచి లేచి, ఒక చుట్టు చుట్టి, రెక్కలు ముడిచింది.

షిగెనో ఎప్పుడు తలుపు జరిపిందో, ఎప్పుడు గడప దాటిందో ఆవిడకే తెలియదు. చెప్పుల్లేకుండా పరిగెత్తి గద్దకూ చేటకూ మధ్య పడింది. రెక్క చెంపకు తగిలింది. లేచేసరికి బిడ్డ ఆవిడ చేతుల్లో ఉన్నాడు.

వాడు అప్పుడు ఏడవడం మొదలుపెట్టాడు. గద్ద పోలేదు, తీగ మీద కూర్చుని చూస్తోంది. బామ్మ గోడ వైపే ఉంది, ఏడుపు వినబడితే శకునం మంచిదనుకుని ఇంకా బలంగా కళ్ళు మూసుకుంది. ఒమసా జాడ లేదు. పొయ్యి మీద బియ్యం పొంగి ఆలస్యమైందని తరవాత చెప్పింది. బిడ్డను తిరిగి చేటలో పెట్టడానికి షిగెనో వంగింది, గద్ద కూడా మెడ వంచింది. దాంతో బిడ్డను గుండెకు అదుముకుని ఇంట్లోకి తీసుకుపోయింది.

ఏం చేయాలో తెలియక కుర్చీలో కూర్చుంది. అందులో ఉన్న పేర్ల పుస్తకం కాగితాలు ఒక చేత్తో ఒళ్ళోకి లాక్కుంది, వాటి మీదనే వాడు. బరువుగా, వేడిగా, కొంచెం చేపల వాసనతో. ఊపడం సరిగ్గా చేతకాలేదు. కుర్చీ పక్కనున్న మీటను కాలితో నొక్కితే కుర్చీ కొంచెం కిందికి, కొంచెం పైకి కదిలింది. మెల్లగా అలా నొక్కుతూ ఒక పేరుతో పిలిచింది. అనుకుని పిలవలేదు, నోట్లోకి వచ్చింది. వాడు ఏడుపు ఆపి కళ్ళు తెరిచాడు. ఇంకోసారి పిలిచింది. ఆ వేల పేర్లలో లేని పేరు అది. ఏ పేరో మా ఊళ్ళో ఎవరికీ తెలియదు.

బయట అప్పుడే ఒమసా చీపురుతో వచ్చింది. ఖాళీ చేట, పక్కన ఒక గద్ద ఈక. ఒమసా గొంతు ఎలాంటిదంటే, ఆవిడ నవ్వితే పడవలు దారి తప్పుతాయి. అలాంటిది ఏడ్చింది. "గద్ద తన్నుకుపోయిందిరా నాయనా." రేవులో వలలు వదిలి అందరూ పరిగెత్తుకొచ్చారు. కిహాచి తాత కొండ వైపు చెయ్యి చూపించి, "అదిగో, చెట్ల మీదుగా పోయింది, బిడ్డ చెయ్యి కూడా ఊపాడు" అన్నాడు. మొరియో చెప్పులు వదిలి కొండ వైపు పరుగెత్తబోతుంటే అద్దాల తలుపు జరిగింది.

"ఇక్కడున్నాడు," అంది షిగెనో. చెంప మీద ఒక గీత, దాని నుంచి రక్తం. "క్షమించండి. గద్ద దిగింది."

చికగె పరిగెత్తి రాబోతే బామ్మ ఆమె చెయ్యి పట్టుకుని ఆపింది. "ఆగు. తీసుకున్నావంటే పారేసినట్టు కాదు. ముందు ఎవరి బిడ్డో తేలాలి."

"ఎవరి బిడ్డేమిటి," అంది ఒమసా చీపురు నేలకు కొట్టి. "ఇంకొకరు ఎత్తిన బిడ్డను నేను మళ్ళీ ఎత్తను. ఒకరు కట్టిన మోచీని ఇంకొకరు కడితే పగులుతుంది. మొదటి చెయ్యి పడితే పడినట్టే."

"మరి మనం మాట్లాడుకున్నది?"

"మాట్లాడుకున్నప్పుడు చేపల చేట అని చెప్పావా? ఎలకల బోనులో పెట్టి పారేయకపోయావా, సరిపోయేది."

జనం నవ్వారు. బామ్మ నవ్వలేదు. మొరియో చెమట తుడుచుకుంటూ, "ఎవరైతే ఏం అమ్మా, పిల్లాడు దక్కాడు. పిన్నిగారే ఎత్తుకున్నారు, పిన్నిగారే తల్లి అనుకుందాం," అన్నాడు. చికగె షిగెనో చేతుల వైపు చూస్తోంది. ఒక చెయ్యి తల కింద, ఒక చెయ్యి నడుం కింద, గాజుబొమ్మను పట్టుకున్నట్టు. "నాకూ సమ్మతమే అత్తయ్యా," అంది మెల్లగా.

బామ్మ అందరినీ ఒకసారి చూసింది. "ఒంటరి మనిషి, నలుసు పుట్టని చెయ్యి. నా మనసుకు ఇష్టం లేదు, ముఖం మీదే చెబుతున్నా. కాని ఆచారం అదే అయితే నేను దానికన్నా పెద్దదాన్ని కాను." షిగెనో వైపు తిరిగింది. "ఈ ఊరంతా తిరిగి అందరినీ అడిగారు గదా అమ్మా మీరు. అందరి మాటలూ మీ దగ్గరే ఉన్నాయి. మీరే చెప్పండి. మొదటి చెయ్యా, మాట్లాడుకున్న చెయ్యా? మీరు ఏదంటే అదే."

అందరూ ఆవిడ వైపే తిరిగారు. పడవల ఇంజన్లు కూడా ఆగి ఉన్నాయి. బిడ్డ ఆవిడ స్వెట్టరు అంచును గుప్పిట్లో పట్టుకున్నాడు. మొదటి చెయ్యి అని ఒక్క మాట అంటే చాలు. తప్పని చెప్పేవాళ్ళు లేరు. కాగితం మీద అచ్చు కాబోయే వాక్యం కూడా అదే. ఇక కొత్త ఏడు పొద్దున ఈ తలుపు ఎవరో ఒకరు తడతారు. బడి ముందు ఒక చెయ్యి వచ్చి ఈ చెయ్యి పట్టుకుంటుంది. ఎప్పుడో ఒకనాడు, తాను పోయినప్పుడు, వెంట నడవడానికి ఒకడుంటాడు.

ఆవిడ వాడి గుప్పిట వైపే చూస్తూ నిలబడింది. ఎంతసేపంటే, తీగ మీద గద్ద విసుగొచ్చి లేచి వెళ్ళిపోయింది.

"మాట్లాడుకున్న చెయ్యే," అంది చివరికి.

"నేను చెప్పాను గదమ్మా," అన్నాడు కిహాచి తాత గుంపులోంచి. "పోస్టుమాను. మొదటి చెయ్యని చెప్పాను గదా."

"చెప్పారు తాతా. రాసుకున్నాను. మీరొక్కరే చెప్పారు."

"ఒక్కడు చెబితే నిజం కాకూడదా?"

"కావచ్చు. దాని మీద నేను నిలబడలేను."

మళ్ళీ నవ్వులు. "ఎలుగుబంటిని సాక్షికి పిలు తాతా," అన్నాడు ఎవడో. కిహాచి తాత ఈసారి జవాబు చెప్పలేదు. తల దించుకుని, జనాన్ని తోసుకుంటూ రేవు వైపు వెళ్ళిపోయాడు. ఆయన జవాబు చెప్పకపోవడం మేం చూసింది అదొక్కసారే. షిగెనో కూడా చూసింది, ఆయన వంగిన వీపు సందు మలుపు తిరిగేదాకా.

"పైగా చీపురు లేదు, చేట లేదు," అంది బామ్మతో. "నేను ఊడ్చలేదు, ఉత్తినే ఎత్తాను. అది ఎత్తుకోవడం కిందికి రాదు." స్వెట్టరు అంచు నుంచి వేళ్ళు ఒక్కొక్కటే విడిపించి, బిడ్డను చికగె చేతిలో పెట్టింది.

షిగెనోది ఎత్తుకోవడమే కాదని తేలాక ఒమసాకు అభ్యంతరం పోయింది. మర్నాడు తెల్లారగట్ల మళ్ళీ పారేశారు, ఈసారి పూజారి ఇంటి నుంచి తెచ్చిన బియ్యపు చేటలో. షిగెనోను తెర దించుకోమని ఎవరూ అడగలేదు. ఆవిడే దించుకుంది. లోపల కూర్చుని వింటే, చీపురు నేలను మూడు నాలుగు సార్లు గీసిన చప్పుడు, తరవాత ఒమసా నవ్వు, ఆడవాళ్ళ గొంతులు కలిసి సందులోకి దూరమవడం వినబడ్డాయి. ఆ తరవాత ఏమీ వినబడలేదు.

ఆ మరునాడు మధ్యాహ్నం ఒసాకా నుంచి ఫోను వచ్చింది. కంపెనీలో ఆ పుస్తకం చూసే కుర్రాడు ఒగురా.

"వకుయ గారూ, పారేసిన పిల్లల పేజీలో మీ ప్రశ్న చూశాం. కురమోచి గారు ఒప్పుకోవడం లేదండి. దారిన పోయేవాళ్ళు ఎత్తుకోవడం కూడా ఉందంటున్నారు. మీ ఊళ్ళోనే మొన్న అలా జరిగిందట, ఎవరో చెప్పారట ఆయనకు. మీరు కళ్ళారా చూశారా?"

"చూశాను."

"మరి ఇంకేమండి. ప్రశ్న తీసేద్దామా?"

"నేను చూసింది పొరపాటు, ఒగురా గారూ. ఆచారం కాదు. ప్రశ్న అలాగే ఉంచండి."

"పొరపాటున ఎత్తింది ఎవరండీ?"

"ఎవరో ఒసాకా ఆవిడ."

ఒగురా ఏదో రాసుకున్న చప్పుడైంది. "చలి ఎలా ఉందండీ అక్కడ?" అని అడిగాడు. కిటికీలోంచి చూసి, ఇంకా అంత లేదని చెప్పింది. అతను ఫోను పెట్టేశాక కూడా కాసేపు రిసీవరు చెవి దగ్గరే ఉంచుకుంది.

వారం తిరగకుండా ఎండుచేపల ఇంట్లో ఎర్ర గింజలు వేసి అన్నం వండి ఊరంతా పంచారు. ఒమసా ఇంటికి రెండంతస్తుల లక్క డబ్బా, పైన తోకతో సహా కాల్చిన ఎర్రచేప వెళ్ళాయి. మిగిలిన ఇళ్ళకు ఒక్కో చిన్న డబ్బా. షిగెనోకు చిన్న డబ్బా తెచ్చింది చికగె, బిడ్డను వీపున కట్టుకుని.

"ఒమసా పిన్నిగారు తకెమరు అని పెట్టారండి," అంది. "బాగుంటుందా?"

"పాత పేరు. మంచి పేరు. పడమటి రేవుల్లో ఎక్కువ."

"మీరలా చెబితే ఇక అనుమానం లేదు." గడపలో కాసేపు అటూ ఇటూ కాళ్ళు మార్చింది. "పిన్నిగారూ, ఆ రోజు మీ దగ్గర వీడు వెంటనే ఏడుపాపాడు గదా. ఒమసా పిన్నిగారి దగ్గర సాయంత్రం దాకా ఆపలేదు. మీరేమని పిలిచారు?"

"ఏమీ పిలవలేదమ్మా."

"ఏమీ?"

"కుర్చీ ఊగింది, అంతే."

చికగె తల ఊపింది. వీపు మీది వాడు నిద్రపోతున్నాడు, చెంప తల్లి భుజానికి అణిగి ఉంది. షిగెనో చెయ్యి లేచి, వాడి టోపీ దారం దాకా వెళ్ళి, అది సరిగ్గానే కట్టి ఉందని చూసి దిగింది.

అన్నం ఆరోజు కొంత, మర్నాడు కొంత తింది. డబ్బా కడిగి, తుడిచి, ఆరబెట్టింది. ఖాళీ డబ్బా తిరిగి ఇవ్వకూడదు మా దగ్గర. ఏదో ఒకటి పెట్టి పంపాలి. ఎత్తుకున్న తల్లి అయితే పసివాడి చొక్కా పెడుతుంది, కాలి మేజోళ్ళు పెడుతుంది, పేరు రాసిన కాగితం పెడుతుంది. షిగెనో బీరువా తెరిచి చాలాసేపు వెతికింది. చివరికి పొరుగువాళ్ళంతా పెట్టినట్టే ఒక అగ్గిపెట్టె పెట్టి, మూత పెట్టి, తీసుకెళ్ళి ఇచ్చి వచ్చింది.